ఒక్క దెబ్బ కూడా చూపించకుండా ముప్పై నిమిషాల భయం: ఒక ఫ్రెంచ్ షార్ట్ ఫిల్మ్ ఎలా పనిచేస్తుంది?

క్లుప్తంగా: గ్జావియే లెగ్రాఁ తీసిన ‘అవాఁ క ద తూ పెర్ద్ర్’ అరగంట నిడివి ఉన్న ఫ్రెంచ్ షార్ట్ ఫిల్మ్. పేరుకి అర్థం ‘అన్నీ పోగొట్టుకోకముందే’ అని. హింసించే భర్త నుంచి ఇద్దరు పిల్లలతో తప్పించుకోవాలని చూసే ఒక తల్లి కథ ఇది. కొట్టడం, రక్తం తెర మీద ఎక్కడా కనిపించవు. అయినా చూసేవాళ్లకి ఊపిరాడదు. దీనికి మూడు కారణాలున్నాయి: ప్రేక్షకుడికి సమాచారం ఆలస్యంగా అందడం, కథంతా జనం మధ్యలో వెలుతురులో నడవడం, చాలా మామూలు పనులే ప్రాణాపాయంగా మారడం. ఇల్లు వదిలే క్షణం ఎందుకంత ప్రమాదకరమో పరిశోధనలు చెప్పేదానికి, ఈ సినిమా చూపించేదానికి తేడా లేదు.

ఈ సినిమా చూసినవాళ్లలో చాలామందికి ఒకే సందేహం వస్తుంది. ఏమీ జరగలేదు కదా, మరి గుండె ఎందుకలా కొట్టుకుంది? కథ చెప్పమంటే రెండు వాక్యాల్లో అయిపోతుంది. ట్విస్టు లేదు, పెద్ద డైలాగ్ లేదు. అలాంటి సినిమాకి 2013లో ఫ్రాన్స్‌లోని క్లెర్మోఁ-ఫెరాఁ షార్ట్ ఫిల్మ్ ఫెస్టివల్ జాతీయ విభాగంలో గ్రాండ్ ప్రీ, అంటే మొదటి బహుమతి వచ్చింది. 2014 ఫిబ్రవరి 28న ఫ్రాన్స్‌లో ఉత్తమ షార్ట్ ఫిల్మ్‌గా సెజార్ అవార్డు వచ్చింది. రెండు రోజుల తర్వాత జరిగిన ఆస్కార్ వేడుకలో లైవ్ యాక్షన్ షార్ట్ ఫిల్మ్ విభాగంలో నామినేషన్ దగ్గర ఆగిపోయింది, అవార్డు డెన్మార్క్ సినిమాకి వెళ్లింది. లెగ్రాఁ అప్పటిదాకా రంగస్థల నటుడు, దర్శకుడిగా ఇదే మొదటి సినిమా.

ముగ్గురు మనుషులు, మూడు మామూలు దృశ్యాలు

సినిమా పదేళ్ల కుర్రాడితో మొదలవుతుంది. పేరు జూలియెన్. బడికి వెళ్తున్నట్టు నటించి, దారి తప్పించి ఒక వంతెన కింద దాక్కుంటాడు. బడి ఎగ్గొట్టే పిల్లాడిలాగే ఉంటాడు. కాసేపటికి పదిహేనేళ్ల అమ్మాయి జోసెఫీన్ బస్టాప్‌లో ఏడుస్తూ కనిపిస్తుంది. ఆ వయసు పిల్ల బస్టాప్‌లో ఏడుస్తుంటే ఎవరైనా ఏమనుకుంటారు? ప్రేమ గొడవో, పరీక్షో అనుకుంటారు. ఆ తర్వాత మిరియం అనే ఆవిడ కారులో వచ్చి ముందు అబ్బాయిని, తర్వాత అమ్మాయిని ఎక్కించుకుంటుంది. వాళ్లిద్దరూ ఆవిడ పిల్లలు. కారు నేరుగా ఒక హైపర్‌మార్కెట్ పార్కింగ్‌కి వెళ్తుంది. ముగ్గురూ గబగబా దిగి లోపలికి పరుగు లాంటి నడకతో వెళ్లిపోతారు.

అక్కడిదాకా ఎవరూ ఎవరికీ ఏమీ వివరించరు. ‘నాన్న మనల్ని కొడుతున్నాడు కాబట్టి వెళ్లిపోతున్నాం’ అని పిల్లలకి చెప్పే సీన్ ఉండదు, ఎందుకంటే పిల్లలకి అది ఎప్పుడో తెలుసు. తెలియనిది ప్రేక్షకుడికి మాత్రమే. మామూలుగా సినిమాల్లో పాత్రల కంటే మనకి ఎక్కువ తెలుస్తుంది, కనీసం వాళ్లకి తెలిసినంతైనా తెలుస్తుంది. ఇక్కడ మనకే తక్కువ తెలుసు. అందుకే ప్రతి చిన్న సంగతినీ వెతుక్కుంటూ చూస్తాం: ఆవిడ పదే పదే వెనక్కి ఎందుకు చూస్తోంది, పిల్లాడు ఎందుకు ఏమీ అడగడం లేదు?

షాపులోకి వెళ్లాక ఇంకో సంగతి తెలుస్తుంది. మిరియం అక్కడికి సరుకులు కొనడానికి రాలేదు, అక్కడే పనిచేస్తుంది. ఆవిడ యూనిఫాం మార్చుకునేటప్పుడు ఒంటి మీద దెబ్బ కమిలిన మచ్చ తోటి ఉద్యోగిని కంట పడుతుంది. సినిమా మొత్తంలో హింసకి కంటికి కనిపించే రుజువు దాదాపు అదొక్కటే. అయితే ఆ మచ్చని చూపించి ఏడిపించాలని దర్శకుడు చూడడు. కెమెరా అక్కడే ఆగిపోదు, మచ్చ గురించి ఉపన్యాసమూ ఉండదు. తోటి ఉద్యోగిని చూసింది, ఆవిడతో పాటు మనమూ చూశాం. ఇక ఆ తర్వాత ఆ షాపులో వినిపించే ప్రతి అడుగుల చప్పుడుకీ మనసు ఉలిక్కిపడుతుంది.

భయం ఎక్కడి నుంచి వస్తోంది

సస్పెన్స్ సినిమాలకి పేరుపడ్డ దర్శకుడు హిచ్‌కాక్ చెప్పిన బల్ల కింద బాంబు ఉదాహరణ సినిమా చదువుకున్నవాళ్లందరికీ తెలిసిందే. బాంబు ఉన్నట్టుండి పేలితే కాసేపు ఉలిక్కిపడతాం. బాంబు ఉందని ప్రేక్షకుడికి ముందే తెలిసి, బల్ల దగ్గర కూర్చున్నవాళ్లు మామూలుగా కబుర్లు చెప్పుకుంటూ ఉంటే ఆ కబుర్లన్నీ భరించలేనివి అవుతాయి. లెగ్రాఁ ఈ సూత్రాన్నే ఇంకొంచెం తిప్పి వాడాడు. ఇక్కడ బాంబు భర్త ఆంత్వాన్. పిల్లలకి, మిరియంకి, కాసేపటికి షాపు సిబ్బందికి కూడా ఆ సంగతి తెలుసు. కానీ అతను ఎక్కడున్నాడో ఎవరికీ తెలియదు. కొంతసేపటికి అతనే షాపుకి వస్తాడు.

ఆ రాక చిత్రీకరించిన తీరే సినిమాకి ప్రాణం. అతను తలుపులు బద్దలు కొట్టుకుంటూ రాడు. భార్య పనిచేసే చోటికి ఏదో చిన్న పని మీద వచ్చిన మామూలు భర్తలా వస్తాడు. ఆ పాత్ర వేసిన దెని మెనోషే భారీ మనిషి. ఆ ఒడ్డూ పొడుగూ చూస్తేనే భయం వేయాలి. కానీ అతను చేసేవన్నీ పైకి మర్యాదగానే ఉంటాయి. అప్పుడు మిరియం ఏం చేయాలి? ఎదురుగా వెళ్లి ఎప్పటిలా మాట్లాడాలి. పిల్లలు అదే భవనంలో దాక్కుని ఉన్నారు, తను వెళ్లిపోవడానికి సిద్ధమై ఉంది, ఇవేవీ ముఖంలో కనిపించకూడదు. మిరియంగా లేయా డ్రూకర్ నటన అంతా ఈ దాచుకోవడంలోనే ఉంది. ఏడ్చే నటన కంటే ఏడుపు దాచే నటన కష్టం. ఈ సినిమాలో ఆవిడ చేసింది రెండోది.

ఇంట్లో గ్యాస్ వాసన వస్తున్నప్పుడు లైటు స్విచ్ వేయాలన్నా చెయ్యి ఆగిపోతుంది. సినిమా చివరిదాకా మిరియం చేసే ప్రతి పనీ అలాగే ఉంటుంది. మేనేజర్ గది దాకా నడవడం, ఫోన్ మాట్లాడటం, పిల్లల్ని ఒక గది నుంచి ఇంకో గదికి మార్చడం, వెనక తలుపు ఎటు ఉందో కనుక్కోవడం. వీటిలో ఒక్కటి కూడా సినిమా సంఘటన అనిపించదు. కానీ కథ గడిచే సమయం దాదాపు మన గడియారంతో పాటే నడుస్తుంది కాబట్టి, పని ఎంత ఆలస్యమైతే అంత సేపూ మనం అక్కడే ఇరుక్కుపోతాం. ‘అరగంట తర్వాత’ అని కట్ చేసి ఊపిరి పీల్చుకోనివ్వడు దర్శకుడు.

చీకటి కాదు, ట్యూబ్‌లైట్లు

భయం అనగానే సినిమాలకి చీకటి, ఖాళీ ఇల్లు, ఉరుములు గుర్తొస్తాయి. ఇక్కడ స్థలం అందుకు పూర్తిగా వ్యతిరేకం. హైపర్‌మార్కెట్ అంటే ఎక్కడ చూసినా వెలుతురు, జనం, బిల్లింగ్ కౌంటర్లు, ఎవరు ఎప్పుడు వచ్చినా ఆపని తలుపులు. ఈ చివరి సంగతే అసలు సమస్య. అందరికీ తెరిచి ఉన్న చోటు ఆవిడకి రక్షణ ఇస్తుంది, ఎందుకంటే నలుగురి ముందు అతను చెయ్యెత్తడు. అతన్ని లోపలికి రాకుండా ఆపే హక్కు మాత్రం ఎవరికీ లేదు. కస్టమర్ కదా.

అలాగే ఆ షాపులో రెండు లోకాలున్నాయి. ముందు వైపు సరుకుల వరసలు, అక్కడికి ఎవరైనా వస్తారు. వెనక వైపు సిబ్బంది గదులు, స్టోర్ రూములు, ఆఫీసు, అక్కడికి పనిచేసేవాళ్లే వెళ్తారు. మిరియం బతుకు ఆ పూట ఈ రెండింటి మధ్య ఉన్న తలుపు మీద ఆధారపడి ఉంటుంది. ఛాయాగ్రాహకురాలు నథాలీ దురాఁ కెమెరా ఆవిడ వెంటే తిరగడం వల్ల ఆ భవనం పటం మన బుర్రలోకి కూడా ఎక్కుతుంది, ఎటు వెళ్తే ఎవరు ఎదురొస్తారో మనమే లెక్క వేసుకోవడం మొదలుపెడతాం. సంగీతంతో భయపెట్టే అవసరం రాదు. షాపు చప్పుళ్లే ఆ పని చేస్తాయి.

సాయం చేసే మనుషుల గురించి కూడా చెప్పుకోవాలి. తోటి ఉద్యోగులు మంచివాళ్లే, కానీ వాళ్లెవరూ హీరోలు కారు. సాయం చేయాలనే ఉంటుంది, ఎలా చేయాలో తెలియదు, తమ డ్యూటీ వదలలేరు, పైఅధికారికి ఏం చెప్పాలో అర్థం కాదు. ఈ తడబాటు సినిమా కోసం పెట్టింది అనిపించదు. ఏ ఆఫీసులోనైనా ఇలాంటి పరిస్థితి వస్తే మొదటి పది నిమిషాలు ఇలాగే గడుస్తాయి.

పారిపోవడానికి కూడా కాగితాలు కావాలి

మిరియం ఆ రోజు షాపుకి రావడానికి కారణం ఉద్యోగం సంగతి తేల్చుకోవడం. అంత ప్రమాదంలో ఉన్న మనిషి ఉద్యోగం గురించి ఆలోచిస్తుందా అనిపించవచ్చు. ఆలోచించక తప్పదు. ఫ్రాన్స్‌లో ఉద్యోగి తనంతట తాను రాజీనామా చేస్తే సాధారణంగా నిరుద్యోగ భృతి రాదు. గృహహింస వల్ల ఇల్లు మారాల్సి వచ్చిందని చూపిస్తే మినహాయింపు ఉంది, కానీ దానికి ఫిర్యాదు చేసినట్టు రుజువు కావాలి. ఇంకా ఇంటి గడప దాటని మనిషి పోలీస్ స్టేషన్‌కి వెళ్లి కాగితం తెచ్చుకుని, ఆ తర్వాత తీరిగ్గా ఉద్యోగం మానేయగలదా? చట్టంలో మెట్లు వరసగా ఉంటాయి. ఆవిడకి అన్నీ ఒకే పూటలో అయిపోవాలి.

డబ్బు లేకుండా ఇద్దరు పిల్లలతో బయటపడితే ఎన్ని రోజులు నిలబడగలదు అనేదే చాలా కేసుల్లో అసలు ప్రశ్న. ‘అంత కష్టంగా ఉంటే ఎప్పుడో వెళ్లిపోవచ్చు కదా’ అనే మాటకి ఈ సినిమా ఇచ్చే జవాబు ఇదే, పైగా ఒక్క వాక్యం కూడా పలక్కుండా ఇస్తుంది. వెళ్లిపోవడం అంటే తలుపు తీసుకుని బయటికి నడవడం ఒక్కటే అయితే ఈ సినిమా రెండు నిమిషాల్లో అయిపోయేది.

ఇల్లు వదిలే సమయమే ఎందుకు ప్రమాదం

భార్యాభర్తలు విడిపోతే హింస ఆగిపోతుందని అనుకోవడం సహజం. పరిశోధనలు చెప్పేది వేరు. అమెరికాలో 11 నగరాల కేసుల మీద జాక్వెలిన్ క్యాంప్‌బెల్ బృందం 2003లో ప్రచురించిన అధ్యయనం, భాగస్వామి చేతిలో స్త్రీ ప్రాణం పోయే ప్రమాదాన్ని పెంచే కారణాలను లెక్కగట్టింది. అతి నియంత్రణ చేసే మనిషితో కలిసి ఉండి, తర్వాత విడిపోవడం వాటిలో ముఖ్యమైనది. ఇంట్లో తుపాకీ ఉండటం ఇంకొకటి.

ఎందుకలా? ఇలాంటి సంబంధాల్లో కొట్టడం అనేది పైకి కనిపించే భాగం. లోపల నడిచేది నియంత్రణ: డబ్బు ఎవరి చేతిలో ఉండాలి, ఎవరితో మాట్లాడాలి, ఎన్ని గంటలకి ఇంటికి రావాలి, ఫోన్‌లో ఏముంది. ఇవ్యాన్ స్టార్క్ అనే సామాజిక శాస్త్రవేత్త 2007లో రాసిన పుస్తకంతో ఈ అవగాహన బాగా ప్రచారంలోకి వచ్చింది. ఇంగ్లాండ్, వేల్స్‌లో 2015లో దీన్ని విడిగా నేరంగా చట్టంలో చేర్చారు. నియంత్రణే అసలు ఉద్దేశం అయినప్పుడు, అవతలి మనిషి వెళ్లిపోతోందని తెలిసిన క్షణంలోనే ఆ నియంత్రణ పూర్తిగా చేజారుతుంది. అందుకే అప్పటిదాకా చెంపదెబ్బల దగ్గర ఆగిన మనిషి ఆ రోజు ఏం చేస్తాడో చెప్పలేం. లెగ్రాఁ తన కథకి ఏళ్ల తరబడి సాగిన కాపురంలోంచి సరిగ్గా ఆ ఒక్క పూటనే ఎంచుకున్నాడు. పెళ్లి ఎలా జరిగింది, మొదటిసారి ఎప్పుడు కొట్టాడు, వీటిలో ఏదీ సినిమాలో లేదు.

ఫ్రాన్స్‌లో అప్పటి పరిస్థితి

ఈ సినిమా వచ్చేనాటికి ఫ్రాన్స్‌లో చట్టం లేదని కాదు. 2010 జులై 9 నాటి చట్టంతో రక్షణ ఉత్తర్వు అనే ఏర్పాటు వచ్చింది. క్రిమినల్ కేసు తేలేదాకా ఆగకుండా, కుటుంబ వ్యవహారాల జడ్జి హింసించే మనిషిని దూరంగా ఉండమని, ఇల్లు ఖాళీ చేయమని ఆదేశించవచ్చు. ఇబ్బంది ఎక్కడంటే ఆ ఉత్తర్వు చేతికి రావడానికి పట్టే కాలంలో. 2019 డిసెంబరు చట్టం ఆ గడువును ఆరు రోజులుగా ఖరారు చేసింది. ఆరు రోజులంటే చట్టం లెక్కలో వేగమే, మిరియం లెక్కలో కాదు.

2019లో ఆ దేశంలో భర్త, మాజీ భర్త లేదా సహచరుడి చేతిలో 146 మంది స్త్రీలు చనిపోయారని హోంశాఖ లెక్క. ఆ ఏడాది సెప్టెంబరు 3 నుంచి నవంబరు 25 దాకా ప్రభుత్వం గృహహింస మీద జాతీయ స్థాయి చర్చలు పెట్టింది. మొదలుపెట్టిన తేదీని (3-9-19) 3919 అనే హెల్ప్‌లైన్ నంబరు గుర్తొచ్చేలా ఎంచుకున్నారు. నిందితుడు దగ్గరికి వస్తే హెచ్చరించే ఎలక్ట్రానిక్ బ్రేస్‌లెట్ల వాడకం 2020లో మొదలైంది. 2020లో చనిపోయిన స్త్రీల సంఖ్య 102, 2021లో మళ్లీ 122. ఒక ఏడాది తగ్గితే పని అయిపోయిందనుకోవడానికి లేదు.

మన దేశంలో 2005 గృహహింస చట్టం, అమల్లోకి వచ్చింది 2006 అక్టోబరులో, దాదాపు ఇదే దారిలో ఆలోచించింది. రక్షణ ఉత్తర్వుతో పాటు, కాపురం చేస్తున్న ఇంట్లోనే ఉండే హక్కు స్త్రీకి ఇచ్చింది. కాగితం మీద చూస్తే రెండు దేశాల్లోనూ ఇల్లు వదలాల్సింది అతనే. వాస్తవంలో సంచి సర్దుకునేది ఆవిడే. కారణం రెండు చోట్లా ఒకటే: కోర్టు మాట వచ్చేలోపు రాత్రి అవుతుంది, ఆ రాత్రి అదే ఇంట్లో పడుకోవాలి.

షార్ట్ ఫిల్మ్ నుంచి ‘కస్టడీ’ దాకా

లెగ్రాఁ మొదట ఇదే కుటుంబం మీద మూడు షార్ట్ ఫిల్మ్‌లు తీయాలనుకున్నాడు. మిగిలిన రెండూ కలిసి 2017లో ‘జుస్కా లా గార్ద్’ అనే పూర్తి నిడివి సినిమా అయ్యాయి. ఇంగ్లిష్‌లో ‘కస్టడీ’ పేరుతో విడుదలైంది. 2023లో అదే పేరుతో వచ్చిన తెలుగు సినిమాకీ దీనికీ సంబంధం లేదు. భార్యాభర్తలుగా డ్రూకర్, మెనోషే, కూతురిగా మతిల్ద్ ఓనెవో మళ్లీ కనిపిస్తారు. జూలియెన్ పాత్రకి మాత్రం తొమా జోరియా వచ్చాడు. వెనిస్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో ఉత్తమ దర్శకుడి బహుమతి, 2019లో ఉత్తమ చిత్రంగా సెజార్ దీనికి దక్కాయి. ఉత్తమ నటి సెజార్ డ్రూకర్‌కి వచ్చింది.

రెండింటినీ పక్కపక్కన పెడితే ఒక తేడా బాగా తెలుస్తుంది. షార్ట్ ఫిల్మ్‌లో మనం మొదటి నుంచీ తల్లీపిల్లల కారులో ఉన్నాం, అనుమానానికి చోటు లేదు. పెద్ద సినిమా జడ్జి గదిలో మొదలవుతుంది. బల్లకి ఒకవైపు తల్లి, ఇంకోవైపు తండ్రి, ఇద్దరి లాయర్లు. జూలియెన్ రాసిన లేఖ చదువుతారు. నాన్న దగ్గరికి వెళ్లనంటాడు పిల్లాడు. తండ్రి నెమ్మదిగా, బాధపడుతున్నవాడిలా కూర్చుంటాడు. తల్లి బిగుసుకుపోయి ఉంటుంది, పెద్దగా మాట్లాడదు. షార్ట్ ఫిల్మ్ చూడనివాళ్లకి ఆ గదిలో ఎవరు నిజం చెబుతున్నారో తేలదు, కొందరికి తండ్రి మీద జాలి కూడా కలుగుతుంది. చూసినవాళ్లకి మాత్రం ఆవిడ ఎందుకు బిగుసుకుపోయిందో తెలుసు. భయంతో బతికిన మనిషి భయాన్ని దాచుకోవడం నేర్చుకుంటుంది. హైపర్‌మార్కెట్‌లో ఆవిడని కాపాడిన ఆ నేర్పే జడ్జి ముందు ఆవిడకి ఎదురు తిరుగుతుంది. రెండు సినిమాలూ కలిపి చూడాల్సింది ఇందుకే, అదీ చిన్నది ముందు.

అరగంటే ఎందుకు

నిడివి గురించి ఒక మాట. ఫ్రాన్స్‌లో గంట లోపు ఉన్నవన్నీ షార్ట్ ఫిల్మ్‌లే, ఆస్కార్ లెక్కలో 40 నిమిషాలు దాటకూడదు. తెలుగులో షార్ట్ ఫిల్మ్ అంటే ఎక్కువగా యూట్యూబ్‌లో పెట్టి నిర్మాతల కంట పడే దారి. సుజీత్, తరుణ్ భాస్కర్ లాంటివాళ్లు ఆ దారిలోనే వచ్చారు. ఫ్రాన్స్‌లోనూ అది పెద్ద సినిమాకి మెట్టే, కానీ వాళ్లకి ప్రభుత్వ సినిమా సంస్థ సీఎన్‌సీ నిధులు, టీవీ ఛానెళ్ల కొనుగోళ్లు, క్లెర్మోఁ-ఫెరాఁ లాంటి పూర్తిగా షార్ట్ ఫిల్మ్‌లకే అంకితమైన ఉత్సవం ఉన్నాయి. వ్యూస్ కోసం మొదటి ముప్పై సెకన్లలోనే విషయం చెప్పేయాల్సిన ఒత్తిడి తక్కువ. ఈ సినిమా మొదటి పది నిమిషాలు ఏమీ చెప్పకుండా ఉండగలిగిందంటే అందులో ఈ ఏర్పాటు పాత్ర కూడా ఉంది.

ఇదే కథని రెండు గంటలు చెబితే మధ్యలో నవ్వించాలి, గతం చూపించాలి, ప్రేక్షకుడికి విరామం ఇవ్వాలి. అప్పుడు మిరియం అనుభవం మనకి సమాచారంగా అందేది. అరగంటలో అది శరీరానికి అందుతుంది.

ఇక ముందు

ఒక సినిమా వల్ల చట్టం మారిందని చెప్పడానికి లేదు. అయితే ‘కస్టడీ’ తర్వాత ఫ్రాన్స్‌లో చర్చ క్రమంగా పిల్లల వైపు మళ్లింది. తల్లిని కొట్టిన మనిషి మంచి తండ్రి కావచ్చు అనే పాత వాదన కోర్టుల్లో ఎంతవరకు చెల్లాలి అన్నదే ఆ చర్చ. 2024 మార్చి 18 నాటి చట్టం కుటుంబంలో హింసని చూస్తూ పెరిగే పిల్లల్ని కూడా బాధితులుగా చూసే దిశలో వెళ్లింది. ఇంకో పేరెంట్ మీద అత్యంత తీవ్రమైన నేరాలు చేశారన్న కేసుల్లో, విచారణ నడుస్తుండగానే పిల్లల మీద నిందితుడి హక్కులు ఆగిపోయేలా నిబంధనలు తెచ్చింది.

ఈ నిబంధన కింద మిరియం కేసు వచ్చేదా అంటే అనుమానమే. ఆవిడ దగ్గర ఉన్నవి ఒంటి మీద ఒక మచ్చ, దాన్ని చూసిన ఒక తోటి ఉద్యోగిని, నాన్న దగ్గరికి వెళ్లనని రాసిన ఒక పిల్లాడి లేఖ. ఇలాంటి కేసులు ఇప్పటికీ ఒక గదిలో, కొద్దిపాటి సమయంలో, ఇద్దరి ముఖాలు చూసి ఒక జడ్జి వేసే అంచనా మీదే నడుస్తున్నాయి.